ముప్పై ఏడు వేలిముద్రలు

కోరుట్ల, 1986. ఎండాకాలం మధ్యాహ్నం. ఒక చిన్న గ్రంథాలయంలో గ్రంథపాలకుడు మాధవ రావు, ఆయన ఎదుట మఫ్టీలో వచ్చిన హెడ్ కానిస్టేబుల్ హన్మండ్లు.

“గీ నల్లటి మరకలేంది రావు సాబ్?”

“మరకలు గావు జమేదార్ సాబ్. వేలిముద్రలు.”

“కితాబులు తీస్కపోయే రిజిస్టర్ల ఏలిముద్రలా?”

“సంతకం రానోళ్ళు ముద్రనే పెడ్తరు గదా.”

“సంతకం రానోళ్ళకు కితాబెందుకు?”

“అదే... ఇంట్ల పిల్లలు చదువుతరేమొ.”

“ఏమొ?”

“చాయ్ తెప్పిస్త, కూసోండ్రి.”

“కూసునే ఉన్న. చాయ్ వద్దు. గీ పేజీల ఐదు. గిండ్ల ఆరు. గీడ మల్ల నాలుగు... ముప్పై ఏడు రావు సాబ్! అన్నీ ఒక్క ఏలే. నడుమ గాటున్నది సూడుండ్రి, ప్రతిదాంట్ల ఉన్నది. ఎవలిదీ ఏలు?”

“పక్కన పేరు రాసే ఉన్నది గదా. బుచ్చవ్వ.”

“ఏం జేస్తది?”

“బీడీలు చేస్తది. ఆకు కత్తిరించే కత్తెరకు తెగి ఉంటది ఏలు.”

“బీడీలు చేసే ఆమె, ఓనమాలు రాని ఆమె, ఆర్నెల్లల ముప్పై ఏడు కితాబులు తీస్కపోయింది. మీరు ఇచ్చుకుంట కూసున్నరు.”

“అడిగింది, ఇచ్చిన.”

“ఎవలికోసం అని అడగలే?”

“లైబ్రరీల గట్ల అడగరు.”

“ఎవలు చెప్పిన్రు అడగద్దని?”

“మా నాయన. ఈ లైబ్రరీ పెట్టిందే ఆయన. అనంత్ రావు. నిజాం కాలంల.”

“ఓహో. దొరలే పెట్టిన్రన్నట్టు.”

“దొర ఇంట్ల పుట్టిండు, అంతే. తెలుగు పుస్తకం చేతుల కనబడితె అనుమానపడే రోజులవి. మూడు అల్మార్ల పుస్తకాలు ఎడ్లబండ్ల మీద గడ్డి కింద పెట్టి తెప్పించిండు. ఒకనాడు పోలీసు అమీన్ వచ్చి ఇగో, మీరు కూసున్న కాడనే కూసున్నడు. ఎవరెవరు చదువుతున్నరో పేర్లు చెప్పు అన్నడు.”

“చెప్పిండా?”

“రిజిస్టర్ల రాస్త అన్నడు. రాసిండు. అన్ని పుస్తకాల పక్కన ఒకటే పేరు.”

“ఎవలిది?”

“తనదే. అన్నీ నేనే చదివిన అన్నడు. నాలుగు నెల్లు జేల్ల ఉన్నడు.”

“మరి మీరు గూడ గట్లనే రాస్తరా?”

“నాకు గంత ధైర్యం లేదు జమేదార్ సాబ్. ఉన్నముచ్చట చెప్తున్న. మీరు అడగంగనే రిజిస్టర్ తీసి ముందట పెట్టిన గదా. మా నాయన ఉంటె నా మొకం మీద ఉమ్మేస్తుండెనో ఏమొ.”

“సరే గని, గీ కితాబులన్నిటికి ఎర్ర అట్టలెందుకు?”

“సిరిసిల్ల నుంచి ఎర్ర బట్ట తాను అగ్గువకు దొరికింది. బైండింగు చేయించిన.”

“ఎర్రదే దొరికిందా?”

“పచ్చది దొరికితె పచ్చదే చేయిస్తుంటి.”

“నవ్వద్దు రావు సాబ్. గీ కితాబు విప్పిన సూడుండ్రి. బుచ్చవ్వ తెచ్చి మల్ల ఇచ్చిందే. అంచుకు పెన్సిలుతోటి సున్న. మల్ల పది పేజీలకు ఒక సున్న. గింకో కితాబు, గిండ్ల గూడ సున్నలు. ఏంది గివి?”

“నాకు ఎరుకలేదు.”

“నాకెరుక. ఎవలికో ఏదో చెప్తున్నరు. ఏ రోజు, ఏ జాగ అని.”

“కథల పుస్తకం మీద గీసిన సున్నలకు గంత అర్థముంటదా?”

“మీకు ఎరుకలేదు సారు. నేను కోరుట్లకు అచ్చి ఆర్నెల్లు. అంతకుముందు జగిత్యాల దిక్కున్న. నాతోటి పనిచేసినోడు, మల్లేశం అని, ఇంటికి పోదామని బస్సెక్కిండు. నడుమల నక్సలైట్లు బస్సాపి దింపుకపోయిన్రు. ఎట్ల ఎరుకైంది వాళ్ళకు? వాని పెండ్లాం బోరింగు కాడ ఎవలతోనో అన్నది, రేపు మా ఆయన ఊరికి పోతడు అని. గంతే. ఒక్క మాట.”

“అయ్యో.”

“శవాన్ని బండి మీదికెళ్ళి నేనే దించిన. గప్పటి సంది నాకు ఎవలను చూసినా అనుమానమే. మా ఇంటామెకు గూడ చెప్పిన, ఎవలతోటి మాట్లాడకు, బోరింగు కాడికి పోకు, నీళ్ళు నేనే తెస్త అని. ఆర్నెల్ల సంది ఆమె గడప దాటలే. గీడ ఆమె పేరు గూడ ఎవలికి ఎరుకలేదు.”

“పొద్దెట్ల పోతదో పాపం.”

“అది ఉప్పు పొట్లం కట్టిన కాయితం గూడ చదువుతది సారు. ఏదో చదువుకుంట ఉంటది. అది ఇడువుండ్రి. ఐదు గంటల వరకు ఎస్సైకి ఒక పేరు చెప్పాలె నేను. గీ లైబ్రరీ మీద కన్ను పడ్డది. పేరు చెప్పకుంటె ఇంకోడు అస్తడు, వాడు కుర్చీల కూసోని అడగడు.”

“బుచ్చవ్వ పేరు చెప్తరా?”

“బుచ్చవ్వ ఎవలికి ఇస్తున్నదో ఆ పేరు గావాలె. ఆమెను తీస్కపోయి అడిగితె అదే అస్తది.”

“ముసలామె జమేదార్ సాబ్.”

“గందుకే గద ఆమె చేత పంపుతున్నరు... ఎవలో అస్తున్నరు.”

“రావు సారూ, ఉన్నవా?”

“ఇయ్యాల బంద్ ఉన్నది బుచ్చవ్వా! రేపు రా!”

“బుచ్చవ్వనా? మంచిగ పిలిచిన్రు రావు సాబ్.”

“అయ్యో... నా నోరు పాడుగాను.”

“తలుపు బార్ల తీసుండె, బందెట్ల ఉంటది సారూ? నేనొక్క గడియల... వామ్మొ. నేను మల్లస్త.”

“ఆగు అవ్వా. ఇటు రా. కొంగు కింద ఏంది?”

“ఆకు. బీడీల ఆకు.”

“ఆకుకు ఎర్ర అట్ట ఉంటదా?”

“...పుస్తకం.”

“గీడ బల్ల మీద పెట్టు. ఏలు చూపియ్యి. అది గాదు, బొటనఏలు. ఆఁ, గిదే గాటు.”

“నువ్వే పిలిపిచ్చినవా రావు సారూ? నేను అస్త అని ఎరుకుండి పోలీసాయనను కూసోబెట్టినవా?”

“లేదు బుచ్చవ్వా, దేవుని తోడు.”

“నేను పోలీసని నీకెట్ల ఎరుక? కాకి ఉడుపులు లెవ్వు గదా నా మీద.”

“మొకం చూస్తె ఎరుకైతది సారూ.”

“నీ ఇల్లేడ? మా కిరాయి ఇంటి దిక్కు నేనెన్నడు చూడలే నిన్ను.”

“మాది మీ ఇంటెనుక గల్లి. నువ్వు ముందటి సడక్ మీద పొద్దుగాల పోతవు, పొద్దుమీకి అస్తవు. ఎనుకకు ఎందుకు చూస్తవు?”

“నేను పోవుడు అచ్చుడు నువ్వు చూస్తున్నవన్నట్టు.”

“కండ్లున్నంక కనబడవా?”

“ఎదురు ప్రశ్నలు వద్దు. గీ కితాబులు ఎవలికోసం?”

“నాకోసమే.”

“నువ్వు సదువుతవా? ఇగో, గీడ ఏమున్నది, సదువు.”

“అద్దాలు ఇంటికాడ మరిచిన.”

“అద్దాలున్నయా నీకు?”

“తెచ్చుకోవాలె అనుకుంటున్న.”

“అవ్వా!”

“నా కొడుకు జలపతి సదువుతడు సారూ.”

“ఏడున్నడు జలపతి?”

“దుబాయిల.”

“దుబాయిల ఉండి కోరుట్ల కితాబు సదువుతడా?”

“బుచ్చవ్వా, నిజం చెప్పు. ఈయన ఇప్పుడు అడుగుతున్నడు. రేపు వచ్చెటోళ్ళు అడగరు.”

“ఏం చెప్పాలె సారూ? మా వాకిట్ల పందిరి కింద పదకొండు మందిమి కూసుంటం. చాటల ఆకు, తంబాకు పెట్టుకోని. చేతులకు పనుంటది, చెవులకు ఉండది. ఉత్తగ కూసుంటె వాళ్ళ ముచ్చట వీళ్ళ ముచ్చట చెప్పుకోని కొట్లాడుకుంటం. గందుకే ఒకరు సదువుతరు, మేం ఇనుకుంట చేస్తం. ముందుగాల లక్ష్మవ్వ బిడ్డ సదువుతుండె. సదివినోళ్ళు బీడీలు చెయ్యలేరు గదా. ఆ పిల్ల వంతు మేమే తలా ఒక కట్ట చేసి ఇచ్చేది.”

“ఏడున్నది ఆ పిల్ల?”

“లగ్గమై గంభీరావుపేటకు పోయింది. ఏడాదైంది.”

“మరి ఆర్నెల్ల సంది ఎవలు? ఎవలి వంతు చేస్తున్నరు?”

“ఎవల వంతు చేస్తలేం. మేం ఇస్తమన్నం. ఆమెకు వద్దట.”

“ఆమె. ఆడిదన్నట్టు.”

“...నేను ఏమన్న?”

“ఆమె అన్నవు. రోజు అచ్చి గంటలకొద్ది ఉత్తగ సదువుతదా? ఒక్క కట్ట గూడ తీసుకోకుంట? గట్ల ఎవలు సదువుతరో నాకు ఎరుకనే. రావు సాబ్, మీకెరుకనా?”

“...పార్టోళ్ళు.”

“ఆఁ! పార్టోళ్ళే గట్ల ఊర్లపొంటి తిరిగి సదువు చెప్తరు. కథలు ముందుగాల, ఆనుక పాటలు, ఆనుక తుపాకి.”

“పార్టీ లేదు, పాడు లేదు సారూ!”

“బుచ్చవ్వా, నేను గూడ గదే అనుకున్న. నీ మీద ఒట్టు. కొన్నొద్దుల సంది అన్నం సహిస్తలేదు నాకు.”

“నువ్వు గూడనా రావు సారూ? ముప్పై ఏడు సార్లు నవ్వుకుంట ఇస్తివి, లోపట గిది పెట్టుకున్నవా?”

“భయం బుచ్చవ్వా. అడిగితె నువ్వు చెప్తవేమొ అని భయం. ఎరుకైనంక నేను ఎవరికి చెప్తనో అని ఇంకో భయం.”

“మీ భయాలు ఆనుక. పేరు చెప్పు అవ్వా.”

“చెప్ప.”

“పేరు చెప్పు.”

“చెప్ప సారూ.”

“స్టేషన్ల చెప్తవా?”

“ఆడ గూడ చెప్ప. కావాల్నంటె రావు సారుకు చెప్త, నువ్వు బయట నిలబడితె. నీకు మాత్రం చెప్ప.”

“నాకు మాత్రం ఎందుకు చెప్పవు?”

“నీకు చెప్తె ఆమె సంసారం నిలువది.”

“ఎవలి సంసారమో నేనెందుకు కూలగొడ్త? సరే, ఇంకో తీరుగ అడుగుత. గీ సున్నలెవలు పెట్టిన్రు?”

“ఆమెనే. ఏ పూటకాపూట ఆగిన కాడ ఒక సున్న పెడ్తది. తెల్లారి ఆడికెళ్ళి సదువుతది.”

“గట్లనా. అయితె కథ చెప్పు. నిజంగ ఇన్నవో, కితాబు నడుమ కాయితాలు పెట్టి అడివికి పంపుతున్నవో గిప్పుడె తేలుతది. ఇయ్యాల తెచ్చిందే చెప్పు.”

“గీ పుస్తకమా? ఇదైతె మస్తుంటది సారూ. ఒకామె ఉంటది, రాజేశ్వరి. గంగ ఒడ్డున ఊరు. మొగడు బర్మా లడాయికి పోయిండు. రెండేండ్లకు ఉత్తరమచ్చింది. ఆమెకు సదువు రాదు. పోస్టుమాస్టరు కాడికి తీస్కపోయింది.”

“ఊఁ.”

“ఆయన సదివిండు. ‘నేను మంచిగున్న, నువ్వు మంచిగుండు.’ గంతే. కని సదువుతుంటె ఆయన ఆమె మొకం దిక్కు చూస్తలేడు. ఆమె పసిగట్టింది.”

“ఊఁ...”

“నాలుగు కాయితాల ఉత్తరం రెండు మాటలల్ల ఎట్ల ఒడిసిపోయింది? ఆమెకు అనుమానం. మాకు గూడ. మా పందిరి కింది ఐలవ్వ చాట ఇసిరికొట్టి లేసింది, వాడు దొంగముండకొడుకు అని. ఆ రోజు ఒక్కరం గూడ సరిగ్గ బీడీలు చెయ్యలే.”

“తర్వాత?”

“ఇగ ఎవలతోటి సదివియ్యద్దు, నేనే అచ్చరాలు నేర్సుకుంట అనుకున్నది. గప్పటిదాంక ఉత్తరం అత్తకు దొరకద్దు గదా. తీస్కపోయి—”

“చింతపండు కుండల దాసింది.”

“ఆఁ, చింతపండు కుండల. దాసి... నీకెట్ల ఎరుక సారూ?”

“జమేదార్ సాబ్, ఈ పుస్తకం చదివిన్రా మీరు?”

“లేదు.”

“ఊళ్ళె ఇదొక్కటే ఉన్నది. పది రోజుల సంది బుచ్చవ్వ కాడనే ఉన్నది.”

“ఆగుండ్రి రావు సాబ్. అవ్వా, అచ్చరాలు నేర్సుకున్నది. కుండలకెళ్ళి ఉత్తరం తీసింది. ఇప్పింది. ఏమున్నది అండ్ల?”

“ఆడనే ఆగింది. మొదటి భాగం ఒడిసింది. రెండోది తీస్కపోదామనే అచ్చిన.”

“నాకు గూడ ఆడనే ఆగింది.”

“మీకా?”

“నాలుగొద్దుల సంది అడుగుతున్న సారు. ఏమున్నది ఉత్తరంల, చెప్పు అని. అన్నం పెట్టుకుంట చెప్తది కథ. ఏడిది ఈ కథ అంటె మా అమ్మమ్మ చెప్పేది అన్నది. ఉత్తరంల ఏమున్నదో యాదికొస్తలేదు, యాది చేసుకోని చెప్త అన్నది.”

“ఎవరు జమేదార్ సాబ్?”

“ఇగ చెప్పాల్నా సారూ పేరు?”

“వద్దు. పేరు చెప్పకు అవ్వా. చెప్పకు.”

“...మీ ఇంటామెనా?”

“గడప దాటలేదు అనుకున్న రావు సాబ్. గిప్పుడె మీకు చెప్తి గదా, గడప దాటలేదు అని.”

“గడప దాటలే సారూ. ఎనుక గోడ పడ్డది గదా, అటుకెళ్ళి అస్తది. నువ్వు పోయినంక అస్తది, నువ్వు అచ్చే యాళ్ళకు పోతది.”

“నా ముచ్చట ఏమన్న చెప్పిందా? ఎప్పుడు పోతడు, ఎప్పుడు అస్తడు, ఏ బస్సెక్కుతడు... నిజం చెప్పు అవ్వా. నీ కాళ్ళు మొక్కుత.”

“ఒక్క మాట చెప్పలే. మొదటి నెల మాకే భయమైతుండె. పోలీసాయన పెండ్లాం, మా మాటలు ఇని నీకు చెప్తదని. నాలుగు రోజులు రావద్దన్నం. ఆ పిల్ల గోడ కాడ నిలబడి ఏడ్సింది సారూ. ‘నాకు మీ ముచ్చట్లు వద్దు, నా ముచ్చట్లు చెప్ప, పుస్తకం చదివి పోత, నాకు ఇంట్ల పిచ్చి లేస్తున్నది’ అన్నది. గంతే. పుస్తకంల ఉన్న మాట తప్ప ఇంకో మాట ఎత్తది.”

“నాతోటి చెప్పద్దా? మొగుణ్ణి గదా.”

“ఎట్ల చెప్తది? ఎవలతోటి మాట్లాడద్దన్నవు. చెప్తె పుస్తకం గూడ బందైతది గదా.”

“...బంద్ చేస్తుంటి. నిజమే.”

“ఆమె పేరు ఏడ రాసినా ఆమెకే ముప్పు. మీ దిక్కుకెళ్ళి ముప్పు, అన్నల దిక్కుకెళ్ళి ముప్పు. గందుకే నా ఏలు పెట్టిన.”

“జమేదార్ సాబ్, ఈ రిజిస్టర్ కనబడలేదని చెప్పుండ్రి. నేను దాస్త.”

“మీరు దాస్తరు, రేపు ఇంకోడు అచ్చి తీస్తడు. ముద్రలు లెక్కపెడ్తడు. అవ్వను తీస్కపోతడు.”

“నేను చెప్ప సారూ.”

“నువ్వు చెప్పవు అవ్వా. ఐలవ్వ చెప్తది, లక్ష్మవ్వ చెప్తది. ఎవలన్న చెప్తరు. పదకొండు మంది ఉన్నరు. స్టేషన్ల ఎట్లడుగుతరో నాకెరుక, నేనే అడిగిన మస్తు మందిని. ఐదు గంటలకు ఎస్సైకి పేరు చెప్పాలె.”

“ఏం చేద్దాం మరి?”

“రెండో భాగం ఉన్నదా మీ కాడ?”

“ఉన్నది. ఇగో.”

“కలం ఇయ్యుండ్రి.”

“ఏం రాస్తరు?”

“మీ నాయన రాసిందే.”

“ఆలోచన చేసుకోండ్రి. కొలువు పోతది. లోపటేస్తరు గూడ. అటు అన్నలకు మీ ఇంటామె పేరు ఎరుకైతె...”

“ఆమె పేరేడున్నది రావు సాబ్? నా పేరే ఉంటది. నా పేరు ఇటోళ్ళకు అటోళ్ళకు అందరికి ఎరుకైందే. ఎస్సై అడిగితె నన్ను అడుగుతడు. అవ్వ జోలికి పోడు, వాకిట్ల పందిరి జోలికి పోడు.”

“నా మొకం దిక్కు చూస్తలేవు సారూ. ఆ పోస్టుమాస్టరు లెక్కనే.”

“ఎట్ల చూస్త అవ్వా? భయమైతున్నది. నువ్వు పో, ఇంటికి పో. మా ఇంటామె గోడ కాడ చూస్తుంటది. నేను గీడ ఉన్నట్టు చెప్పకు.”

“మరి పుస్తకం? ఏలు పెట్టాల్నా?”

“వద్దు. రావు సాబ్, చూసుకోండ్రి, రాస్తున్న. ముప్పై ఏడింటి పక్కన గూడ రాస్త, ‘హెడ్ కానిస్టేబుల్ హన్మండ్లు ఇంట్ల చదువుకునేటందుకు’ అని. గీ ముప్పై ఎనిమిదోదానికి సంతకం పెడ్త, మా ఇంటికి నేనే తీస్కపోత.”